ఆరుద్ర చుక్క

లోపల నాటకం ఇంకా అవలేదండీ, ఇంకో గంటన్నా పడుతుంది, మీరిక్కడే కూర్చోండి అని ప్రసంగాలు రికార్డు చేసే పద్మావతమ్మ గారు చెప్పి వెళ్ళిపోయారు. కూర్చోక ఏం చేస్తుంది మార్త. బెజవాడ రేడియో స్టేషన్లో పొడుగాటి చెక్క బెంచీ, ఎదురుగా మందపాటి తలుపు, తలుపు నెత్తిన ఎర్ర దీపం, ఒళ్ళో పదిహేను నిమిషాల ప్రసంగం, పక్కన అమ్మ. ప్రసంగం సంగతి సరే, అది తను రాసిందే, కాలేజీలో పదేళ్ళుగా ఆడపిల్లలకు చెబుతున్న పాఠమే, నక్షత్రాలు ఎలా పుడతాయి, ఎలా మండుతాయి, వాటిలో పెద్దవి ఎలా పేలిపోతాయి. అమ్మ ఎందుకు వచ్చినట్టు. ఏడాదిగా పటమటలో ఆ రెండు గదులు దాటి రాని మనిషి, వీధి కుళాయి దగ్గరకు కూడా పోని మనిషి, ఆదివారం గుడికి రమ్మంటే మోకాళ్ళ నొప్పులనే మనిషి, ఇవాళ మధ్యాహ్నం అన్నం గిన్నెలు కడిగి బోర్లించి, ఉన్నట్టుండి ఉతికిన చీర కట్టుకుని గుమ్మంలో నిలబడి "నేనూ వస్తానే" అంది. ఎక్కడికమ్మా అంటే, నువ్వెక్కడికి పోతున్నావో అక్కడికే అంది. అక్కడ నా మాటలు మిషన్లో ఎక్కిస్తారమ్మా, నువ్వు కూర్చుని ఏం చేస్తావు అంటే, "వింటా" అంది. వినడానికి వచ్చిన మనిషి ముందు ఆ నాలుగో కాగితం చదవాలి. మరణం అన్న మాట అందులో ఎన్నిసార్లు రాసిందో ఇప్పుడు లెక్కపెట్టుకుంటోంది. ఇంట్లో ఆ మాట పుట్టి ఏడాది కావస్తోంది, ఒక్కనాడూ బయటికి రాలేదు. అమ్మ, శౌరమ్మ, ఇప్పటికీ, మీ నాన్నకు వంకాయ గిట్టదు అంటుంది గాని గిట్టేది కాదు అనదు.

మొదటి కాగితం బాగానే ఉంటుంది. మొదటి కాగితంలో ఎవరూ చచ్చిపోరు. చీకటి మేఘం, చల్లటి మేఘం, మన సూర్యకుటుంబాలు వందలు పట్టేంత మేఘం, అది తన బరువుకు తనే లోపలికి కుంగుతూ ఉంటుంది, కుంగినకొద్దీ నడుమ వేడి పుడుతుంది, ఆ వేడి పెరిగి పెరిగి ఒకనాటికి అంటుకుంటుంది, ఇలా రాసింది. కాలేజీలో పిల్లలకు ఈ ముక్క చెప్పేటప్పుడల్లా బోర్డు మీద సుద్దముక్కతో గుండ్రంగా చుడుతూ మార్త చూసేది మేఘాన్ని కాదు. ధనుర్మాసంలో దివిసీమ కాలువ గట్టు మీద మంచు. తెల్లవారుజామున ఇంటి ముందర అరుగు మీద దుప్పటి కప్పుకుని కూర్చుంటే కాలువ లేదు, గట్టు లేదు, తాటిచెట్లు లేవు, అంతా తెల్లటి మంచు. ఆ మంచులో ఎక్కడో ఒక మసక ఎరుపు, ఉందా లేదా అన్నట్టు. తర్వాత అది ముద్దగా వెలుతురవుతుంది. తర్వాత లాంతరవుతుంది. లాంతరు వెనక సైకిలు, సైకిలు మీద నాన్న, చెవుల చుట్టూ తువ్వాలు, నోట్లో దేవుడి పాట. లాజరు, కాలువ లస్కరు. తూముల షట్టర్లు ఎత్తడం, దించడం, గట్టుకు ఎండ్రకాయలు బొక్కలు పెట్టకుండా చూడడం, గండి పడితే పదిమందిని కేకేసుకుని మట్టి పోయించడం, అదీ ఉద్యోగం. పులిగడ్డ దగ్గర కృష్ణ పాయ మీదుగా వంతెన కట్టి కాలువనే అవతలకు దాటించారు గదా, ఏటి మీద ఏరు పోతోందే మార్తమ్మా, అని సైకిలు బారు మీద కూర్చోబెట్టుకుని చూపించాడు, అప్పుడు తనకు ఆరేళ్ళో ఏడేళ్ళో. పైన ఏరు, కింద ఏరు, మధ్యలో మనం అన్నాడు. బారు మీద తువ్వాలు చుట్టి మెత్తగా చేసేవాడు. ఆ తువ్వాలు వాసన, చుట్ట, చెమట, షట్టర్ల చక్రాలకు పూసే గ్రీజు. గ్రీజు వాసన ఇప్పటికీ ఎక్కడ తగిలినా, గవర్నర్‌పేటలో సైకిలు రిపేరు షాపుల ముందు నుంచి నడుస్తుంటే, కాళ్ళు వాటంతటవే నెమ్మదిస్తాయి.

రేడియో స్టేషన్ గోడకు బిగించిన చిన్న స్పీకరులోంచి రైతుల కార్యక్రమం సన్నగా వినిపిస్తోంది, రెండో పంట దాళ్వాకు పోసే నారుమళ్ళ గురించి ఎవరో చెబుతున్నారు. అమ్మ తల కొంచెం పక్కకు వంచింది. నారుమడి అన్న మాటకు. ఆ మాట మీద అమ్మకు హక్కుంది. ఊళ్ళో నాట్లేసే ఆడవాళ్ళల్లో శౌరమ్మ వరస చూసి మిగతావాళ్ళు వేసేవాళ్ళు. ఆరుద్ర కార్తె ఎప్పుడొస్తుందా అని అమ్మా నాన్నా ఇద్దరూ ఎదురుచూసేవాళ్ళు, అమ్మ నారుమడి కోసం, నాన్న నీళ్ళ కోసం. బ్యారేజీ దగ్గర కాలువలకు నీళ్ళు వదిలారంటే ఆ కబురు నీళ్ళకంటే ముందు వచ్చేది. నాన్న ఆ రెండు రోజులు ఇంట్లో నిలిచేవాడు కాదు. ఎండి బీటలు వేసిన కాలువ అడుగున నిలబడి ఎగువకు చూసేవాడు. ముందు నురగ వచ్చేది, ఎండుటాకులు, పుల్లలు, కొట్టుకుపోతున్న చీమలు, వాటి వెనక ఎర్రటి నీళ్ళు నాలికలాగా నేలను నాకుతూ. నాన్న ఆ నీళ్ళ ముందు వెనక్కి వెనక్కి నడిచేవాడు, పాదాలు తడవనిచ్చి మళ్ళీ ఒక అడుగు వెనక్కి, పసిబిడ్డకు నడక నేర్పేవాడిలాగా. అప్పుడు గట్టు మీద ఆరుద్ర పురుగులు, ఎర్రటి మఖమల్ ముక్కలు, వాటిని అగ్గిపెట్టెలో వేసుకుని బళ్ళోకి పట్టుకుపోయేది తను.

ఆరుద్ర అనేది ఒక చుక్క అని తనకు మొదట తెలియదు. ఊళ్ళో ఎవరికీ తెలియదు. ఆరుద్ర అంటే వాన, ఆరుద్ర అంటే నీళ్ళు, ఆరుద్ర అంటే విత్తనాలు నానబొయ్యడం. వాల్తేరులో ఎమ్మెస్సీ చదువుతున్నప్పుడు డిపార్టుమెంటు మేడ మీద దుర్భిణీలో చూపించి, ఇంగ్లీషులో దాని పేరు చెప్పి, మన వాళ్ళు దీన్నే ఆర్ద్ర అన్నారు అని మాస్టారు అనేసరికి మార్త అద్దానికి ఆనించిన కన్ను తియ్యలేకపోయింది. నిప్పుకణికలాంటి చుక్క. ఇదా మా నీళ్ళు. ఆ క్రిస్మస్ సెలవులకు ఇంటికి వెళ్ళి, భోజనాలయ్యాక నాన్నను గట్టు మీదకు లాక్కుపోయింది.

"అదుగో నాన్నా, గొల్లకావడి మూడు చుక్కలూ ఉన్నాయా, దానికి ఎడం పక్కన ఎర్రగా ఉంది చూడు. అదే ఆరుద్ర."

"అదా. అంత చిన్నదా."

"చిన్నది కాదు. సూర్యుడి చోట దాన్ని పెడితే మన భూమి కూడా దాని కడుపులోకే పోతుంది."

నాన్న చుట్ట చేతిలో పట్టుకుని చాలాసేపు చూశాడు. "మరి అంతవాడికి ఆ ఎరుపేంటే. జ్వరం తగిలినవాడిలాగా."

"రోజులు దగ్గర పడ్డాయి నాన్నా. లోపల సరుకు అయిపోవచ్చింది. ఎప్పుడో పేలిపోతుంది. ఇవాళ కావచ్చు, లక్ష ఏళ్ళకు కావచ్చు. ఇప్పటికే పేలిపోయినా మనకు తెలీదు, దాని వెలుగు ఇక్కడికి రావడానికే వందల ఏళ్ళు పడుతుంది."

ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తుంది, ఇరవై ఏళ్ళ పిల్ల, చదువు కొత్త, లక్ష ఏళ్ళు అన్న మాట ఎంత తేలిగ్గా అనేసిందో. నాన్న మాత్రం నవ్వలేదు. నిజంగానే బెంగపడ్డాడు. "ఆరుద్ర పోతే మరి నీళ్ళెప్పుడొదులుతారే" అన్నాడు. గుడిసెలోంచి అమ్మ కేకేసింది, ఏం పోద్దంటా అని. "ఆరుద్ర పోద్దంట" అని నాన్న చెప్పాడు. "పోయే ముందు మన నారుమడి తడిపి పొమ్మను" అంది అమ్మ. అలా అనేది అప్పట్లో అమ్మ. మాటకు మాట అంటించేది. నాట్ల వరసలో శౌరమ్మ మాటకు నవ్వి నవ్వి ఆడవాళ్ళు బురదలో కూలబడిన రోజులున్నాయి. ఆ శౌరమ్మేనా ఈ పక్కన చేతులు ఒళ్ళో పెట్టుకుని, ఎవరో వదిలేసిపోయిన సంచీలాగా కూర్చున్న మనిషి.

ఆ తర్వాత ఏ సెలవులకు వెళ్ళినా నాగాయలంక బస్సు దిగగానే నాన్న అడిగే మొదటి మాట అదే, ఇంకా ఉన్నాడా మీ వాడు అని. ఉన్నాడు నాన్నా. గట్టివాడే. ఒకసారి ఎండాకాలం సెలవులు పొడిగించుకుని జూన్ చివరిదాకా ఉండిపోయింది, అప్పుడు ఒక విషయం చెప్పింది, ఆరుద్ర కార్తె నడిచే రోజుల్లో ఆరుద్ర చుక్క కనపడదు, ఎందుకంటే అప్పుడు సూర్యుడు సరిగ్గా ఆ పక్కనే ఉంటాడు, పట్టపగటి వెలుగులో ఎవరికి కనపడుతుంది. నాన్నకు ఈ సంగతి తెగ నచ్చింది. "డ్యూటీలో ఉంటాడు గదా, ఇంటి దగ్గరెట్టా కనపడతాడు. నేను మాత్రం ఆ రోజుల్లో మీ అమ్మకు కనపడతానా" అన్నాడు. ఊరంతా చెప్పాడు. టీ కొట్టులో చెప్పాడు, తూము దగ్గర నీళ్ళ కోసం తగువులాడుకునే రైతులకు చెప్పాడు, ఇన్స్‌పెక్షన్‌కు జీపులో వచ్చిన ఓవర్సీర్ గారికి కూడా చెప్పాడట. మా అమ్మాయి చెప్పిందండీ, ఆరుద్ర గారు సెలవులో లేరండీ, డ్యూటీలో ఉన్నారండీ.

తలుపు తెరుచుకుంది. ఎవరో టీ కోసం బయటికొచ్చారు, ఆ సందులోంచి ఒక్కసారిగా ఉరుము. దొర్లుకుంటూ వచ్చి బెంచీ కింద నేలను కుదిపినట్టు వచ్చింది. దాని వెంట వాన హోరు, ఎవడో మగమనిషి గొంతు, పడవ విప్పకండి అని. నాటకంలో తుపాను. మార్త చప్పున అమ్మ చెయ్యి పట్టుకుంది. ఎవరి చెయ్యి ఎవరు పట్టుకున్నారో, రెండు చేతులూ చల్లగానే ఉన్నాయి. లేచిపోదామా. పద్మావతమ్మ గారికి ఒంట్లో బాగాలేదని చెప్పి రిక్షా మాట్లాడుకుని వెళ్ళిపోదామా. అమ్మ తలుపు వంకే చూస్తోంది. చెవి ఒగ్గి వింటోంది. నాట్ల వరసలో ఎవరి పాట ఎక్కడ తప్పిందో పట్టుకునేటప్పుడు పెట్టే ముఖం.

"రేకు" అంది శౌరమ్మ. "రేకు ఊపుతున్నారు. ఆ వాన, చేటలో జొన్నలు పోసి తిప్పుతున్నారు."

"అవునమ్మా. నాటకం."

తలుపు మూసుకుంది. మళ్ళీ స్పీకరులో దాళ్వా. అమ్మ, "గాలివాన ఇట్టా ఉండదు" అంది. అంతే. చెయ్యి వెనక్కి తీసుకోలేదు. ఏడాదిలో మొదటిసారి ఆ మాట ఆమె నోట రావడం. మరి ఎట్టా ఉంటుందమ్మా అని అడగాలనుకుంది మార్త. అడగకూడదు. వాళ్ళను ఏమీ అడగకండి, వాళ్ళంతట వాళ్ళే చెప్పాలి అని తుపాను బాధితుల క్యాంపులో డాక్టరమ్మ చెప్పింది, చెబుతారని కూర్చుంటే కార్తెలన్నీ తిరిగి వచ్చాయి.

అసలు ఈ ప్రసంగం పోయిన ఏడే చదవాల్సింది. డెబ్బై ఏడు నవంబరులో, తేదీ కూడా ఇచ్చారు, బుధవారం. ఆ ముందు శనివారం పొద్దుట్నుంచి బెజవాడలోనే గాలి. పటమటలో చెట్లు విరిగి కరెంటు పోయింది, మార్త కిటికీ రెక్కలు తాడుతో కట్టుకుని, కాగితాలు తడవకుండా బీరువా మీద పెట్టి, కొవ్వొత్తి దగ్గర కూర్చుని, పెద్ద నక్షత్రం పేలిపోవడాన్ని తెలుగులో ఎలా చెప్పాలా అని ఆలోచిస్తోంది. సూపర్నోవా అని ఊరుకుంటే రైతులకు ఏం అర్థమవుతుంది, మహానవతార అంటే వేదంలాగా ఉంటుంది. సముద్రం ఊళ్ళ మీదకు వచ్చిందని ఆదివారం ఎవరో అన్నారు, నమ్మలేదు. సముద్రం ఊళ్ళ మీదకు ఎందుకొస్తుంది. బస్సులు లేవు, దారులు లేవు, లారీల్లో, నడిచి, మళ్ళీ లారీలో పోయి పోయి అవనిగడ్డ చేరేసరికి, బడి వరండాలో వందమంది ఆడవాళ్ళ నడుమ అమ్మ. చేతుల లోపలి వైపు, గుండెల మీద, చర్మం లేదు. తాటిచెట్టును కరుచుకున్న మనుషులందరికీ అలాగే ఉంది. "వచ్చావా, అన్నం తిన్నావా" అంది. నాన్నేడమ్మా అంటే చూపు తిప్పుకుంది. నాన్న దొరకలేదు. మార్త తూము దాకా వెళ్ళింది, తూము లేదు, గట్టు లేదు, చక్రం ఇరుసు మాత్రం వంకరపోయి బురదలోంచి పైకి లేచి ఉంది. దాని మీద చెయ్యి వేస్తే గ్రీజు అంటింది.

కాలేజీలో పరామర్శకు వచ్చిన ఒకామె, మంచి మనిషే, కళ్ళనీళ్ళు పెట్టుకుని, మీ నాన్నగారు చుక్కయి మిమ్మల్ని చూస్తుంటారు మార్తా అంది. ఫిజిక్సు చెప్పే మనిషితో ఆ మాట అనవచ్చునా. చుక్క ఎవర్నీ చూడదు. చుక్క వాయువు, నిప్పు, బరువు. మనిషి నీళ్ళల్లో పోవడం వేరు. అది ఎట్టా ఉంటుంది. ఎంతసేపు పడుతుంది. ఏడాదిగా మంచం మీద వాలితే చాలు ఆ లెక్క మొదలవుతుంది, నాన్నకు ఈత వచ్చు, బాగా వచ్చు, కాబట్టి వెంటనే పోయి ఉండడు, ఈది ఉంటాడు, ఏదో పట్టుకుని ఉంటాడు, శౌరీ అని పిలిచి ఉంటాడు, మార్తమ్మా అని పిలిచి ఉంటాడా, తెల్లారేదాకా పిలిచి ఉంటాడా. ఒక నక్షత్రం మధ్యభాగం కూలిపోవడానికి ఎంత సమయం పడుతుందో బోర్డు మీద నాలుగు లైన్లలో లెక్కగట్టి చూపిస్తుంది. ఇంట్లో పొయ్యి దగ్గర కూర్చున్న మనిషిని ఒక్క ప్రశ్న అడగడానికి ఏడాది చాలలేదు.

పద్మావతమ్మ గారు వస్తున్నారు, చేతిలో టేపు చుట్టలు, ముక్కు మీదకు జారిన కళ్ళజోడు. నాటకం అయిపోయిందండీ, రండి, ఒకసారి చూసుకుందాం. మార్త లేచింది. కాగితాలు సర్దుకుంటూ, అప్పటికప్పుడు నిశ్చయించుకున్నట్టు, "చివర కొంచెం తగ్గిద్దామండీ" అంది. "నాలుగో కాగితం. అది అంత అవసరం లేదేమో."

"ఏదండీ, పేలిపోయేదా? అయ్యో, అసలు సంగతి అదే కదండీ. అది తీసేస్తే ఇక నక్షత్రం పుట్టింది, పెరిగింది అని చెప్పి ఇంటికి పోవడమేనా." అంటూ పక్కనున్న శౌరమ్మను చూశారు, తర్వాత మార్త ముఖం చూశారు, ఆవిడకు దివిసీమ సంగతి తెలుసు, గొంతు తగ్గించారు. "మీ ఇష్టమండీ. చివర ఏదన్నా వాయిద్యం వేసుకుంటాను."

"ఏంటే తగ్గిస్తానంటున్నావు?" శౌరమ్మ బెంచీ మీద నుంచే అడిగింది.

"ఏం లేదమ్మా. చివర కొంచెం."

"పొయ్యేదా?"

మార్త నాలుగో కాగితం మడతపెట్టబోయింది.

"నీ పాఠం నువ్వు చెప్పు" అంది శౌరమ్మ. "సగం నాటు వేసి గట్టెక్కుతారా ఎవరన్నా."

స్టూడియోలో చప్పుడే లేదు. గోడలు చప్పుడు తాగేస్తాయి, తన ఊపిరి తనకే కొత్తగా వినిపిస్తుంది. మూలన ఆ రేకు నిలబెట్టి ఉంది, చేట ఉంది, జొన్నగింజలు కొన్ని తివాచీ మీద. బల్ల, మైకు, ఒక గ్లాసు మంచినీళ్ళు. ఎదురుగా అద్దం, అద్దం అవతల టేపు చుట్టలు తిరిగే మిషను, పద్మావతమ్మ గారు, ఆవిడ పక్కన కుర్చీలో అమ్మ. అమ్మ కుర్చీ అంచున కూర్చుంది. పద్మావతమ్మ గారు వేలు ఎత్తారు, ఎర్ర దీపం వెలిగింది, మార్త మొదలుపెట్టింది. మేఘం గురించి చదివింది. మంచులో లాంతరు కనిపించింది, గొంతు కుదుటపడింది. చిన్న నక్షత్రం ఊక పొయ్యి లాంటిది, నెమ్మదిగా రాజుకుంటూ కోట్ల కోట్ల ఏళ్ళు కాలుతుంది, బరువైన నక్షత్రం తాటాకు మంట, ఎక్కువ సరుకుతో పుడుతుంది, ఎక్కువ వెలుగిస్తుంది, తొందరగా అయిపోతుంది. రెండో కాగితం. హైడ్రోజన్ అయిపోతే హీలియం, అది అయిపోతే కార్బన్, ఒక్కొక్కటీ ముందు దానికంటే తొందరగా అయిపోతుంది, మొదటిది లక్షల లక్షల ఏళ్ళు, చివరిది కొద్ది రోజులు. మూడో కాగితం. ఆరుద్ర. ఇక్కడ తల ఎత్తి చూడకూడదు అనుకుంది, చూసింది. అమ్మ ముందుకు వంగి, అద్దానికి ముఖం ఆనేంత దగ్గరగా ఉంది. కార్తె పేరు వినపడగానే పెదవులు కదిలాయి. నాలుగో కాగితం. నీళ్ళ గ్లాసు వంక చూసింది, తీసుకోలేదు.

"చివరికి నడుమ అంతా ఇనుము మిగులుతుంది. ఇనుమును మండిస్తే వేడి రాదు, పైగా ఉన్న వేడిని అది మింగేస్తుంది. అంతవరకు లోపలి వేడి బయటికి తోస్తుంటే, బయటి బరువు లోపలికి నొక్కుతుంటే, నక్షత్రం నిలబడింది. ఇప్పుడు తోసేది లేదు. లక్షల ఏళ్ళు నిలబడిన ఆ నడిభాగం ఒక్క సెకనులోపే కూలిపోతుంది. రెప్పపాటు. ఆ కూలిన ఊపుకు పైభాగమంతా పేలి ఆకాశంలోకి చిమ్ముతుంది. కొద్దివారాల పాటు ఆ ఒక్క నక్షత్రం కోట్ల నక్షత్రాలంత వెలుగిస్తుంది. నక్షత్రం మరణించింది. అది చిమ్మిన మసి, ఇనుము, సున్నం, ఆకాశంలోని మేఘాల్లో కలుస్తాయి. ఆ మేఘాల్లోంచి కొత్త నక్షత్రాలు, వాటి చుట్టూ భూములు. మన నెత్తుట్లో ఉన్న ఇనుము, మన ఎముకల్లో ఉన్న సున్నం, ఎప్పుడో మన పేరు తెలియని ఒక నక్షత్రం నుంచి వచ్చినవే." చదివింది. గొంతు ఎక్కడా ఆగలేదు. అయిపోయాక ఎర్ర దీపం ఆరేవరకు కదలకుండా కూర్చుంది.

అవతలి గదిలోకి వచ్చేసరికి పద్మావతమ్మ గారు టేపు వెనక్కి తిప్పుతున్నారు, బాగుందండీ, వచ్చే వారం వేస్తాం అంటున్నారు. శౌరమ్మ కుర్చీలోంచి లేవలేదు.

"ఎంతసేపన్నావే?" అంది.

"ఏదమ్మా?"

"ఆ ఇనుం అయ్యాక. కూలటానికి."

"సెకను కూడా పట్టదమ్మా."

"రెప్పపాటు అన్నావుగా."

"అవును."

శౌరమ్మ తల ఊపింది, తనకు ముందే తెలిసిన లెక్క సరిపోయినట్టు. "మీ నాన్నకీ అంతే పట్టింది" అంది.

టేపు మిషను ఆగిపోయింది. పద్మావతమ్మ గారు ఆపారో, దానంతటదే ఆగిందో. మార్త నేల మీద, అమ్మ మోకాళ్ళ దగ్గర కూర్చుండిపోయింది.

"నన్ను తువ్వాలుతో తాటిచెట్టుకు కట్టేసి పోయాడు. ఇళ్ళల్లో నీళ్ళు నిలిచిపోయినయ్యి, షట్టరెత్తి వస్తా, అయిదు నిమిషాలు అన్నాడు. నేను చూస్తానే ఉన్నా. రెండు చేతులా చక్రం తిప్పుతున్నాడు. సముద్రం వైపు వీపు. చెట్టంత నీళ్ళు లేచినయ్యే. నేను అరిచా, ఆ గాలికి నా మాట నాకే వినపళ్ళా. ఆయన వెనక్కి తిరగను కూడా లేదు. చూడలేదు. భయపడలేదు. ఉన్నాడు, లేడు. అంతే." శౌరమ్మ రెండు అరచేతులూ తిప్పి చూసుకుంది, చర్మం మళ్ళీ వచ్చింది గాని రంగు కలవలేదు. "నీకు చెబుదామంటే నోరు రాలా. నువ్వూ అడగలా. రాత్రిళ్ళు నువ్వు నిద్రపోకుండా దొర్లుతుంటే వింటానే ఉన్నా. ఏం లెక్కేసుకుంటున్నావో నాకు తెలీదా. ఆయన ఈదలేదే మార్తా. ఎవర్నీ పిలవలేదు. అంత టైము ఎక్కడిచ్చింది."

పద్మావతమ్మ గారు కళ్ళజోడు తీసి కొంగుతో తుడుచుకుంటూ కిటికీ వైపు తిరిగి నిలబడ్డారు. మార్తకు ఏడుపు రాలేదు. ఏడాదిగా తెల్లవార్లూ తన లోపల ఈదుతున్న నాన్న ఈదడం మానేశాడు, ఒళ్ళంతా ఒక్కసారి అలసటగా అనిపించింది, ఎంత అలసటంటే అక్కడే ఆ నేల మీద పడుకుని నిద్రపోవాలనిపించింది.

బయటికి వచ్చేసరికి బందరు రోడ్డు మీద దీపాలు పెట్టారు. రిక్షాల గంటలు, బస్సుల పొగ, ఆఫీసుల నుంచి ఇళ్ళకు పోయే సైకిళ్ళు. అమ్మ మాట్లాడుతూనే ఉంది. గేటు దాటింది మొదలు ఆపలేదు. లాజరు పెళ్ళిచూపులకు వచ్చి మజ్జిగ తాగుతూ మీసాలకు అంటించుకున్నాడట, ఎవరూ చెప్పలేదట, తనే కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్విందట, ఆ నవ్వుకే ఒప్పుకున్నాడట. మొదటి జీతానికి గాజులు కొనుక్కురమ్మంటే టార్చిలైటు కొనుక్కొచ్చాడట. మార్త కడుపులో ఉండగా నాట్లలో నొప్పులు వస్తే కాలువ పడవలో వేసుకుని, గెడ తనే వేసుకుంటూ, భయానికి దేవుడి పాటలన్నీ తప్పులతడకగా పాడాడట. ఇవేవీ మార్త ఎన్నడూ వినలేదు. పటమట బస్సు ఒకటి వచ్చింది, వెళ్ళిపోయింది. ఇంకొకటి వచ్చింది, అదీ వెళ్ళనిచ్చారు.

"ఆదివారం గుడికి పోదాం" అంది శౌరమ్మ మధ్యలో. "ఫాదర్ గారితో చెప్పి పూజ పెట్టిద్దాం. చనిపోయినవాళ్ళల్లో ఆయన పేరు చదివించాలి. ఏడాది దాటనివ్వకూడదు."

"అట్టాగేనమ్మా" అనబోయింది మార్త. ఆ మాటకు బదులు ఏడుపు వచ్చింది, ఇన్నాళ్ళదీ వచ్చింది. మూడో బస్సు వచ్చింది, శౌరమ్మే కూతుర్ని రెక్క పట్టుకుని ఎక్కించింది, కిటికీ పక్కన కూర్చోబెట్టింది, కొంగుతో ముఖం తుడిచింది. కండక్టరు వచ్చి నిలబడ్డాడు, ఎక్కడికమ్మా అన్నాడు, మార్త నోరు తెరిచింది, చెప్పలేకపోయింది. ఏడాదిగా పరాయి మనిషితో మాట్లాడని శౌరమ్మ తల ఎత్తి అతని వంక చూసింది.

"పటమట" అంది. "ఇద్దరం బాబూ."